చచ్చిన అక్షరం బరువు

పోయిన వారం మిమ్మల్ని నేలమాళిగలో, తిరుగుతున్న టేపు ముందర కూర్చోబెట్టి, నేను మాత్రం హాయిగా భోజనానికి లేచిపోయాను. వారం రోజులు ఆ చలిలో ఎలా ఉన్నారో ఏమో. కాళ్ళు జాడించుకోండి, చెప్తాను.

ముందొక సంగతి. నా చెవుల్లాంటి చెవులు ఈ అమెరికా దేశంలో ఇంకొకరికి లేవు. గొప్పకి అనడం లేదు. రేపల్లె దగ్గర మైక్ సెట్టు నడిపే రోజుల్లో, ఉజ్జీవ సభల పందిట్లో నాలుగు వేలమంది పాడుతుంటే, వెనక వరసలో ఏ ముసలమ్మ పాట రాక ఊరికే నోరు కదుపుతోందో వేదిక పక్కనుంచే చెప్పేవాణ్ణి. ఒకసారి కొబ్బరిచెట్టుకి కట్టిన స్పీకర్లో గరగర వినబడితే, అది వైరు లోపం కాదు, లోపల కందిరీగ గుడ్లు పెడుతోందన్నాను. ఎక్కి చూశారు. పదకొండు గుడ్లు. నేను పన్నెండన్నాను. కాసేపు ఆగితే పన్నెండోదీ పెట్టింది. తోన్కామ్మ టేపులో ఉన్న తప్పుని పట్టుకున్నది ఆ చెవులే.

కథ ఎక్కడున్నదంటే, ఎనభై మూడు ఫిబ్రవరిలో. మిషిగన్ రాష్ట్రం. నేను, అంటే దైవాశీర్వాదం, ఎనిమిదో తరగతి దాకా చదివినవాణ్ణి. మా అమ్మాయి వసంతకుమారి నర్సు. నోవైలో ఆమె ఇంట్లో నేనూ మా ఆవిడ లూసీ ఉంటున్నాం. అక్కడికి అరగంట దూరంలో ఒక యూనివర్సిటీ ఉంది, దాని పేరు నాకెందుకు, మీకెందుకు. అక్కడ భాషల డిపార్ట్‌మెంట్ కింద నేలమాళిగలో టేపుల గది నాది. పాత రీళ్ళకి కాపీలు తీయడం, తెగినవి అతకడం, అక్కర్లేని చోట బ్లేడుతో కోసేయడం నా పని.

నళిని వరంగల్ అమ్మాయి. ఇక్కడే డాక్టరేటుకి చదువుతోంది. మా ఇద్దరికీ చుట్టరికం ఏమీ లేదు. మొదట్లో అంకుల్ అంది, లూసీ ఒప్పుకోలేదు. ఆ రోజు నుంచి నేను బాబాయిని, లూసీ పిన్ని.

ఆ పిల్ల చదువేమిటో పోయిన వారాలు చదవని వాళ్ళకి మళ్ళీ చెప్తాను, చదివినవాళ్ళు కాఫీ పెట్టుకోండి. రష్యావాళ్ళు చేతిని 'రుకా' అంటారట. పలికేటప్పుడు గొంతు బరువంతా తోక మీద. ఆ చేతిని పట్టుకోమని చెప్పాలంటే 'రూకు' అంటారు. బరువు ఎగిరి తల మీదకొస్తుంది. పోలండువాళ్ళు బరువుని ఎప్పుడూ చివరినుంచి రెండో అక్షరం నెత్తిన పెడతారు. చెక్కువాళ్ళు ఎప్పుడూ మొదటిదాని నెత్తిన. వీళ్ళందరికీ ముత్తాత ఒకటే భాష. ఆ ముత్తాత దగ్గర బరువుతో పాటు రాగం కూడా ఉండేది. కొన్ని మాటల్లో గొంతు లేచేది, కొన్నిట్లో దిగేది. రష్యావాళ్ళు బరువుంచుకుని రాగం పోగొట్టుకున్నారు. దూరపు చుట్టాలైన లిథువేనియావాళ్ళ దగ్గరా, యుగోస్లావియాలో సముద్రం ఒడ్డు ఊళ్ళ దగ్గరా ఆ రాగం ఇంకా మిగిలింది.

ఇంకొక్క ముక్క ఉంది. ఆ ముత్తాత భాషలో చాలా మాటల చివర ఒక పొట్టి అచ్చు ఉండేది. సగం ఊపిరంత ఉంటుంది. వెయ్యేళ్ళ కిందట అది చచ్చిపోయింది. ఏ మాటల్లో బరువు దానిమీద ఉండేదో, ఆ మాటల్లో అది చావగానే బరువు ముందున్న అక్షరం మీద పడింది. అది మోస్తూ మోస్తూ గొంతెత్తింది. దానిమీద బరువు లేని మాటల్లో ఆ అచ్చు చప్పుడు కాకుండా పోయింది. అక్కడ గొంతు దిగుతూనే ఉంది.

ఇది నళిని మొదటిసారి చెప్పిన రోజున నేనన్నాను, "అమ్మడూ, ఇది చదువా, చావింటి సంగతా?"

"రెండూ బాబాయ్," అని నవ్వింది.

తోన్కామ్మ డెట్రాయిట్‌లో యాభై ఏళ్ళుగా ఉంటున్న ముసలావిడ. అసలు పేరు తోన్కా. అమ్మని తగిలించింది నేను. ఆ సముద్రంలో ఒక చిన్న దీవి ఆవిడది. ఆ ఊరి మాట తెలిసినవాళ్ళలో అమెరికాలో ఆవిడ ఒకర్తె, నళిని ప్రొఫెసరు లుక్షిచ్ ఒకడు. ఆయనదీ అదే ఊరు. మూడో అంతస్తులో ఉంటాడు, ఎవరితోనూ పది మాటలకి మించి మాట్లాడడు. తోన్కామ్మ మాటల్లో నళిని కనిపెట్టింది ఏమిటంటే, పక్క ఊళ్ళలో గొంతు దిగే మాటలు కూడా ఆవిడ నోట లేస్తాయి. 'సిన్' అంటే కొడుకు. 'గ్రాద్' అంటే పట్నం. 'బ్రోద్' అంటే పడవ. ఎక్కడైనా దిగుతాయి. తోన్కామ్మ నోట లేస్తాయి. అంటే ఆ ఒక్క ఊరు, చచ్చిపోయిన ప్రతి అక్షరం బరువునీ మోసింది. నళిని థీసిస్ మొత్తం ఈ ఒక్క మాట మీదే నిలబడింది.

ఆ టేపులో తప్పుందని నాకు తెలిసిన దగ్గర పోయిన వారం ఆపాను.

బుధవారం మధ్యాహ్నం రెండయింది. నేలమాళిగ కిటికీ రోడ్డుకి సమానంగా ఉంటుంది, మంచులో నడిచే బూట్లు తప్ప ఇంకేమీ కనబడవు. ఆ బూట్లలో రెండు ఆగి, మెట్లు దిగి, గదిలోకొచ్చాయి. నళిని. చేతుల్లో టైపింగ్ కాగితాల పెట్టె. ముక్కు ఎర్రగా ఉంది. పది నెలల తర్వాత ఆ ముఖంలో నిద్రపోయిన కళ చూశాను.

"బాబాయ్, అయిపోయింది. నిన్న ఆఖరి చాప్టర్ టైప్ అయింది. చూడు, ఫస్ట్ పేజ్ చూడు."

చూశాను. ఇంగ్లీషులో ఉంది. ఆమే చదివి తెలుగులో చెప్పింది. "తన చెవులు నాకిచ్చిన దైవాశీర్వాదం గారికి."

నా పేరు అచ్చులో చూసుకోవడం నా జీవితంలో అది రెండోసారి. మొదటిది కరెంటాఫీసు నోటీసులో.

"ఆ పేజీ తీసెయ్యమ్మా," అన్నాను.

"ఎందుకు? స్పెల్లింగ్ తప్పా?"

"కూర్చో. ఒక రీలు వింటావా?"

"రెండు వందల సార్లు విన్న బాబాయ్. కలలో కూడా వినవడుతది."

"రెండు వందల ఒకటోసారి విను. మాటలు వినకు. ఊరికే విను."

కోటు విప్పకుండానే స్టూలు మీద కూర్చుంది. మిషను వేశాను. తోన్కామ్మ గొంతు వచ్చింది, ఎండిన తాటాకులాంటి గొంతు. సిన్. కాస్త ఎడం. గ్రాద్. ఎడం. బ్రోద్. ఎడం. ప్రతి మాటా పైకి లేస్తోంది. జాబితా చివరి మాట దగ్గర గొంతు కిందికి జారి ఆగింది.

"చివర్న ఎందుకు పడింది?" అన్నాను.

"ఊపిరి అయిపోతది గదా. అది చాప్టర్ త్రీలో రాసిన."

"మధ్యలో ఆ ఎడం ఎందుకు?"

"మాట రాసిన కార్డు తిప్పనీకి."

"ఒక కార్డు తిప్పడానికి అంతసేపా? ప్రతిసారీ అంతేనా? కొలిచి చూడు. అంతసేపట్లో జనం ఒక ముక్క బదులు చెప్పొచ్చు."

"ఏ జనం?" అంది. నవ్వబోయింది గానీ నా ముఖం చూసి మానుకుంది. "ఏందిది బాబాయ్? ఎవరు చెప్పిన్రు నీకు?"

"నా చెవులు."

"నాలుగేండ్ల సంది కాపీ చేస్తున్నవ్ ఈ టేపుల్ని. ఇయ్యాల వినవడ్డదా నీ చెవులకు?"

ఇదుగో, ఇక్కడ నేను దొరికిపోయాను. మొదట్లో చెవుల గురించి ఏదో రాశాను కదా, అది కొట్టేయండి. కందిరీగనీ కొట్టేయండి, పాపం దానికేం తెలీదు. నాలుగేళ్ళు ఆ టేపుల్ని కాపీ చేశాను, కోశాను, అతికాను, వాటి పక్కనే పులిహోర తిన్నాను. నాకేమీ వినబడలేదు. విన్నది లూసీ.

సోమవారం నేను కారియర్ మర్చిపోతే అమ్మాయి కార్లో లూసీని దింపింది. కారియర్ బల్ల మీద పెట్టి నిలబడింది. రీలు తిరుగుతోంది. నాలుగు మాటలు విన్నదో లేదో, కొంగు తీసి తల మీద కప్పుకుంది.

"ఎవరు పోయారండీ?" అంది.

నవ్వాను. "ఎవరూ పోలేదు. చదువుకునే టేపు అది."

"కాదండీ. పేర్లు చదువుతోంది. సమాధుల పండుగ నాడు మన చర్చి పెద్దయ్యగారు చదివినట్టు."

మా పక్క నవంబరు రెండున సమాధులకి సున్నం కొట్టి, కొవ్వొత్తులు వెలిగించి, ఆ ఊళ్ళో పోయినవాళ్ళందరి పేర్లూ చదువుతారు. ప్రతి పేరుకీ గొంతు పైకి. తర్వాత ఎడం. ఆ ఎడంలో జనమంతా "ప్రభువునందు నిద్రించెను" అంటారు. మళ్ళీ పేరు, మళ్ళీ పైకి. ఆఖరి పేరు దగ్గర మాత్రం గొంతు కింద పెట్టేస్తారు. ఆ జాబితాలో మాదీ ఒక పేరుంది. రెండేళ్ళవాడు. అది వేరే కథ, ఇందులోకి తీసుకురాను. కానీ తోన్కామ్మ చదివిన మొదటి మాటకి అర్థం కొడుకని నేను లూసీకి అప్పుడూ చెప్పలేదు, ఇప్పుడూ చెప్పలేదు.

ఇదంతా నళినికి చెప్పాను, ఆ ఆఖరి ముక్క తప్ప.

ఆమె కోపం మెల్లగా వచ్చింది. ముందు చేతి తొడుగులు విప్పింది. తర్వాత మళ్ళీ తొడుక్కుంది.

"పిన్నికి ఆ భాషల ఒక్క ముక్క వస్తదా?"

"రాదు."

"మరి? నాలుగేండ్లు నేను చదివిన. మిషన్ పెట్టి గీతలు గీయించిన. కమిటీలో ముగ్గురు ప్రొఫెసర్లు విన్నరు. పిన్ని వచ్చి నాలుగు మాటలు విని చెప్పేస్తదా?"

"మనకి మాటలు అడ్డమొచ్చాయి అమ్మడూ. మీ పిన్నికి మాటల్లేవు, పాట ఒక్కటే ఉంది."

"అట్ల మాట్లాడకు బాబాయ్. పుణ్యముంటది. నీకు ఇదంతా కథ. నెక్స్ట్ ఫ్రైడే కమిటీ ముందర నా డిఫెన్స్. జాబ్ ఇస్తమన్న ఓహైయో కాలేజ్ వాళ్ళు డిగ్రీ చేతిల ఉంటేనే ఆగస్ట్‌ల రమ్మన్నరు. మే లో వీసా ఎక్స్‌పైర్. ఇప్పుడొచ్చి ఎవరో పోయిన్రంటవేంది?"

సరదా మాట ఒకటి నాలిక చివరిదాకా వచ్చింది, మింగేశాను. నన్ను ఎరిగినవాళ్ళకి తెలుస్తుంది, అదెంత కష్టమో.

కిటికీ అవతల రెండు బూట్లు ఆగి మంచు దులుపుకుని వెళ్ళిపోయాయి. నళిని పెట్టె మీద చేయి వేసుకుని కూర్చుంది. నాతో కాదు, ఆ పెట్టెతో అన్నట్టుగా అంది.

"ఒకరోజు ఇంగ్లీష్‌ల చెప్పింది నాతోని. మా ఊళ్ళె సముద్రంల పోయినోళ్ళ పేర్లు ఏడాదికోసారి చర్చిలో చదువుతరు, పెండ్లి కాకముందు చదివేదాన్ని నేనే, నా గొంతు అంటే అందరికీ ఇష్టం అన్నది. నేను నోట్‌బుక్ మార్జిన్‌ల రాసిన. పర్సనల్, స్కిప్ అని."

"ఆవిడ నీతో ఊరి మాటలో ఎప్పుడూ మాట్లాడలేదా?"

"లేదు. నాతోని డెట్రాయిట్ ఇంగ్లీషే. ఊరి మాట మైక్ ముందర్నే." ఆగింది. "మైక్ పెట్టంగనే నడుము సరిచేసుకుని, స్కార్ఫ్ కట్టుకునేది."

ఇద్దరం ఆ స్కార్ఫ్ గురించి కాసేపు ఆలోచించాం. చక్కగా కూర్చోబెట్టి, ముందర మైకు పెట్టి, కార్డుల కట్ట చేతికిచ్చి చదవమంటే, ఆవిడ తన జన్మలో చదివిన ఒకే ఒక్క జాబితాని చదివినట్టే చదివింది.

"మళ్ళీ అడుగుదాం," అంది గభాల్న లేచి. మళ్ళీ తనే కూర్చుంది. జనవరిలో తోన్కామ్మకి పక్షవాతం వచ్చింది. ఆవిడున్న నర్సింగ్ హోములోనే మా వసంతకుమారి పని. చెంచాతో పెడితే మింగుతుంది, కళ్ళతో చూస్తుంది. నోరు పోయింది. ఆ ఊరి మాట ఆవిడ నోట ఇక రాదు.

అప్పుడు చెప్పాను. చెప్పకుండా ఉంటే బాగుండునని ఇప్పటికీ సగం రోజులు అనుకుంటాను.

"ఆవిడ మామూలుగా మాట్లాడిన మాటలు నా దగ్గరున్నాయి."

మొదటి పది రీళ్ళు నళిని ఈ పనిలోకి రాకముందు ప్రొఫెసరు ఒక్కడే కూర్చుని రికార్డు చేశాడు. ఆ తర్వాతవి నళిని చేసింది, అవే కార్డులతో. ఆ మొదటి పదీ నాకిచ్చి, కార్డుల మాటలు ఉంచి మిగతా కబుర్లన్నీ కోసెయ్యమన్నాడు ఆయన. కోశాను. ఆవిడ దగ్గు, నవ్వు, మంచినీళ్ళు అడగడం, ఇంకేవేవో. నాకు తెలియని భాషని బ్లేడుతో ముక్కలు చేశాను. కానీ మైక్ సెట్టువాడు వైరు ముక్క కూడా పారెయ్యడు. కోసిన ముక్కలన్నీ వరసగా అతికి, ఒక చిన్న రీలుకి చుట్టి, నీలం రంగు బిస్కెట్ల డబ్బాలో పెట్టాను. అల్మరా కింద అరలో నాలుగేళ్ళుగా ఉంది.

డబ్బా తెచ్చి బల్ల మీద పెట్టాను.

"దీని మూత తీయకపోయినా నేనేమీ అనుకోను," అన్నాను. "పట్టుకెళ్ళి మంచులో పారేస్తాను. లూసీ ఎవరికీ చెప్పదు. నేను అందరికీ చెప్తాను గానీ నా మాట ఎవరు నమ్ముతారు."

ఆమె నవ్వలేదు. డబ్బాని చూసింది, పెట్టెని చూసింది. డబ్బా మూత బిగుసుకుపోయింది. గోళ్ళతో లాగింది, రాలేదు. నేను స్క్రూడ్రైవర్ ఇవ్వలేదు. చివరికి బల్ల అంచుకి ఆనించి తనే ఊడదీసింది.

రీలు ఎక్కించాను. మొదట దగ్గు. తర్వాత పాదాలు చల్లగా ఉన్నాయన్న ఫిర్యాదు. నళిని అర్థం చెప్తూ పోయింది, నెమ్మదిగా, పాఠం చదివినట్టు. కాఫీ నీళ్ళలా ఉందట. పక్క గది ముసలాయన రేడియో పెద్దగా పెడతాడట. ఆ గొంతు జాబితా గొంతు కాదు. చేపలమ్ముకునే వాళ్ళ గొంతు, గబగబా, వెటకారంగా. నాలుగేళ్ళలో మొదటిసారి ఆ మనిషిని విన్నట్టనిపించింది.

"ఫోన్ చేయడు మా సిన్," అంది తోన్కామ్మ టేపులో. నళిని పెన్సిలు ఆగింది.

"వెనక్కి తిప్పు."

తిప్పాను. సిన్. గొంతు దిగింది.

"సెంటెన్స్ చివర్న ఎవరికైనా దిగుతది. ఇది లెక్కల రాదు," అంది. చదువుకున్న పిల్ల, రూలు తప్పలేదు. "ఇంకా పెట్టు."

ఇంకో సిన్ వచ్చింది, ఈసారి వాక్యం మధ్యలో. దిగింది. పడవ వచ్చింది, వాళ్ళ నాన్న పడవ. దిగింది. పట్నం వచ్చింది. దిగింది. తర్వాత 'పూత్' అని ఒకటి వచ్చింది, దోవ అని అర్థం. అది లేచింది. స్పష్టంగా, మెట్టెక్కినట్టు లేచింది.

"దోవ ఎందుకు లేచింది?" అన్నాను. నా మూఢ ఆశ ఒకటి ఉంటుంది కదా.

"అది అన్ని ఊళ్ళల్ల లేస్తది బాబాయ్. దాని చివరి అచ్చు మీద బరువుండె. అది లేవాలె." పెన్సిలు కింద పెట్టింది. "దోవ లేచింది. కొడుకు దిగిండు. పక్క ఊళ్ళ లెక్కనే. ఆ ఊరిల స్పెషల్ ఏం లేదు. ఏమీ లేదు."

మూడు వందల పన్నెండు పేజీలు. పెట్టె అక్కడే ఉంది. మొదటి పేజీలో నా పేరు కూడా అక్కడే ఉంది.

ఏడవలేదు. ఏడిస్తే నాకు బాగుండేది, నా దగ్గర చేతిరుమాలుంది. రేడియేటర్ మాత్రం పైపుల్లో టకటకమంటోంది. రీలు తిరుగుతూనే ఉంది, మేమిద్దరం దాన్ని ఆపడం మర్చిపోయాం. అందుకే అది విన్నాం.

తోన్కామ్మ ఏదో అడిగింది. ఒక మగ గొంతు బదులు చెప్పింది. తక్కువ మాటలు. ఆ గొంతు నాకు తెలుసు. మూడో అంతస్తులో పది మాటలకి మించి మాట్లాడనిది.

నళిని ముఖం తెల్లబోయింది. "వెనక్కి తిప్పు."

తిప్పాను.

"ఏమంటోంది?" అన్నాను.

"ఎట్ల చదవాలె అని అడుగుతున్నది." ఒక్కో మాటనీ చేత్తో పట్టుకుని చూస్తున్నట్టు చెప్పింది. "మామూలుగ చెప్పాల్నా, లేకపోతే నీళ్ళల్ల పోయినోళ్ళని చదివినట్టు చదవాల్నా, అంటున్నది."

"ఆయనేమన్నాడు?"

"పోయినోళ్ళని చదివినట్టు, అన్నడు."

నేను చేయి చాచి మిషను ఆపేశాను.

నాలుగేళ్ళు. ఈ పిల్ల ప్రతి చాప్టరూ ఆయన బల్ల మీద పెట్టింది. ఆయన ఎర్ర సిరాతో కామాలు దిద్ది ఇచ్చాడు. లేస్తోంది, లేస్తోంది అని ఆమె గంతులేసుకుంటూ వెళ్ళి చెప్పిన రోజున, తలూపి, కిటికీ వంక చూశాడట. ఆ సంగతి నళినే నాకు చెప్పింది, సార్‌కి ఎంత సంతోషమైందో బాబాయ్, మాట రాలేదు అని.

ఇప్పుడు లేచి నిలబడింది. మిషను మీదనుంచి ఆ చిన్న రీలు తనే తీసింది. నేను నేర్పినట్టే, అంచులు పట్టుకుని, వేలిముద్ర పడకుండా. థీసిస్ పెట్టెని తీసుకోలేదు.

"ఎక్కడికమ్మా?"

"సార్ ఆఫీస్ అవర్స్ నాలుగు దాంక ఉంటయి," అంది.

లిఫ్ట్ పాడైందని కాగితం అంటించి ఉంది. ఆమె బూట్లు మెట్లెక్కడం విన్నాను. మొదటి అంతస్తు. ఆగలేదు. రెండో అంతస్తు. అక్కడ ఆగాయి. చాలాసేపు ఆగాయి. ఇవి విన్నవి మాత్రం నా చెవులే, దీంట్లో లూసీ ప్రమేయం లేదు. మళ్ళీ కదిలాయి. మూడో అంతస్తులో ఒక తలుపు మీద కొట్టిన చప్పుడు. లోపలినుంచి ఎవరో "రండి" అన్నారు.

ఇక్కడ ఆపితే మీరు నన్ను తిట్టుకుంటూ వారం గడుపుతారు, నాకూ బాగుంటుంది. కానీ లూసీ ఈ కాగితాలు విని, పోస్టులో వేసే ముందు ఒక అబద్ధం ఒప్పుకోమంది. డబ్బా నిజం. అది నీలం రంగుదేనన్నదీ నిజం. మెట్ల మీద ఆగిన బూట్లూ నిజమే. నేను కల్పించింది ఒక్కటే. మిషను ఆపేశానన్నది.

ఆపలేదు. చేయి చాచాను, నళిని నా మణికట్టు పట్టుకుంది. టేపు నడిచింది. ఆ మగ గొంతు ఇంకా మాట్లాడింది, నళిని అర్థం చెప్పింది, చెప్తూ చెప్తూ నా మణికట్టు వదల్లేదు.

"అట్లనే చదువు తోన్కా. ముందు మా తమ్ముణ్ణి చదువు. తర్వాత కార్డులు."

తోన్కామ్మ గొంతు సవరించుకుంది. స్కార్ఫ్ కట్టుకున్న చప్పుడు కూడా వినబడిందంటాను, అది మీ ఇష్టం. తర్వాత చదివింది. యూరె లుక్షిచ్. పైకి లేచింది. ఎడం. ఆ ఎడంలో జనం బదులు చెప్పాల్సిన చోట, కుర్చీలోంచి ఒక్క మనిషి, చాలా తగ్గుస్వరంతో, బదులు చెప్పాడు.

ఆ తర్వాత మొదటి కార్డు. సిన్. అదీ పైకే లేచింది.